సీసాలో ఎంత నీరు పోయాలి?

సీసాలో కొంత నీరు పోసి, గాలి కొట్టి వదిలితే నీరు కిందికి చిమ్ముతూ సీసా పైకి లేస్తుంది; అదే నీటి రాకెట్. దాన్ని ఎగరేయడం కష్టమైన పనేమీ కాదు. రెండు లీటర్ల కూల్‌డ్రింక్ సీసా, సైకిల్ పంపు, సీసా మూతికి బిగుతుగా పట్టే రబ్బరు బిరడా ఉంటే గంటలో పని పూర్తవుతుంది. అది కొబ్బరిచెట్ల ఎత్తుకు లేస్తుంది, పిల్లలు కేరింతలు కొడతారు, న్యూటన్ మూడో నియమం ఇదేనని పెద్దవాళ్లు ఒక మాట చెబుతారు, చాలా ఇళ్లలో వ్యవహారం అక్కడితో ముగుస్తుంది. ఆ ఒక్క మాట కోసమైతే ఇంత శ్రమ అక్కర్లేదని నా అభిప్రాయం. గాలి నింపిన బుడగను వదిలేసినా అదే నియమం కనిపిస్తుంది. నీటి రాకెట్‌తో అసలు చదువు మొదలయ్యేది సీసాలో ఎంత నీరు పోయాలన్న ప్రశ్న దగ్గర. ఆ ప్రశ్నకు జవాబు వెతకబోతే పీడనం, ద్రవ్యవేగం, శక్తి, గాలి నిరోధం అన్నీ ఒకదాని వెనుక ఒకటి వచ్చి నిలబడతాయి.

మా ఊరు బాపట్ల వైపు. సంక్రాంతి సెలవులకు ఇంటికి చేరిన పిల్లలలో తొమ్మిదో తరగతి చదివే మా మేనల్లుడు, ఏడో తరగతి చదివే మా అన్నయ్య కూతురు ఈ పనికి ముందుకు వచ్చారు. వరి కోసిన మడులు ఆ రోజుల్లో ఖాళీగా ఉంటాయని పట్నంలో పెరిగినవాళ్లు అనుకుంటారు గానీ, డెల్టాలో కోతకు ముందే చల్లిన మినుము అప్పటికి పొలమంతా పచ్చగా అలముకుని ఉంటుంది. అందులో రాకెట్ పడిందని పిల్లలు పరుగెత్తితే ఏ రైతూ ఊరుకోడు. అందువల్ల హైస్కూలు ఆటస్థలాన్ని ఎంచుకున్నాం.

ముందుగా సీసా సంగతి. మంచినీళ్ల సీసా ఇందుకు పనికిరాదు, గ్యాసు ఉన్న కూల్‌డ్రింక్ సీసాయే కావాలి. కూల్‌డ్రింక్ సీసా లోపల మామూలుగానే మూడు నాలుగు వాతావరణాల పీడనం (ఒక వాతావరణం అంటే మన చుట్టూ ఉన్న గాలి పీడనమంత) ఉంటుంది, ఎండలో ఉంచితే ఇంకా పెరుగుతుంది, కనుక దాన్ని అంతకు రెండు మూడు రెట్లు తట్టుకునేలా తయారు చేస్తారు. గీతలు పడని కొత్త సీసా పగలాలంటే సుమారు పది వాతావరణాల పీడనం కావాలి. అయినా మేము చదరపు అంగుళానికి 45 పౌండ్లకు, అంటే బయటి గాలికన్నా సుమారు మూడు వాతావరణాలు ఎక్కువ దగ్గర ఆపేశాం. ఎండకు పెళుసెక్కిన సీసా, నేలమీద పడి సొట్టలుపోయిన సీసా ఆ పది వాతావరణాల లెక్కకు లోబడవు. గాలి కొట్టేటప్పుడు ఎవరూ సీసా మీదికి వంగకూడదు, పంపు దగ్గర ఉన్నవాళ్లు కళ్లద్దాలు పెట్టుకోవాలి, మిగిలినవాళ్లు పది అడుగులు వెనక్కి ఉండాలి, ముక్కు భాగంలో లోహం ఉండకూడదు. ఈ నాలుగు విషయాలలో పిల్లలతో బేరం పెట్టుకోలేదు.

రబ్బరు బిరడాకు నడిమధ్య రంధ్రం చేసి, పాత సైకిల్ ట్యూబు నుంచి కత్తిరించిన వాల్వును అందులోకి ఎక్కించి, చుట్టూ ఎంసీల్ పెడితే గాలి కారదు. సీసాను తలకిందులుగా నిలబెట్టి పంపు కొడుతుంటే గాలి బుడగలు బుడగలుగా నీటిలోంచి పైకి వెళ్లడం కనిపిస్తుంది, సీసా గోడలు గట్టిపడతాయి, పంపు అడుగు భాగం చేతికి వెచ్చగా తగులుతుంది. కొంతసేపటికి బిరడా దానంతట అదే ఊడిపోతుంది. ఆటకు ఇంతకన్నా అక్కర్లేదు. ప్రయోగానికి మాత్రం ఇది చాలదు, ఎందుకంటే బిరడా ఎప్పుడు ఊడాలో నిర్ణయించేది దాన్ని ఎంత గట్టిగా దూర్చామన్న సంగతే. ఒకసారి 25 పౌండ్లకు ఊడితే మరోసారి 40 పౌండ్ల దాకా ఊడదు. నీటి కొలత మార్చినందువల్ల ఎత్తు మారిందా, పీడనం మారినందువల్ల మారిందా అన్నది అప్పుడు తేల్చలేం. ఒక్కటి మార్చి తక్కినవన్నీ కదలకుండా ఉంచాలన్న నియమాన్ని పుస్తకంలో చదివితే అది చాదస్తంలా కనిపిస్తుంది; బిరడాతో రెండు పూటలు తంటాలు పడిన పిల్లలకు దాన్ని వేరే బోధించనక్కరలేదు.

అందుకని బిరడాను పక్కన పెట్టి అర అంగుళం పీవీసీ పైపు ముక్కతో గద్దె కట్టాం. సీసా మూతి లోపలి వ్యాసం సుమారు 22 మిల్లీమీటర్లు ఉంటుంది, ఆ పైపు బయటి వ్యాసం అంతకు కాస్త తక్కువ కనుక చక్కగా దూరుతుంది. మధ్యనున్న సందును రబ్బరు రింగు మూసేస్తుంది. సీసా మెడ మీద మూతకు కింద ఒక అంచు ఉంటుంది గదా, వైర్లు కట్టే ప్లాస్టిక్ ట్యాగులను పైపు చుట్టూ నిలువుగా కట్టి, వాటి తలలు ఆ అంచును పట్టుకునేలా చేసి, ఆ తలలు విడిపోకుండా పైనుంచి లావు పైపు ముక్క ఒకటి తొడిగాం. ఆ లావు ముక్కకు కట్టిన తాడును దూరం నుంచి కిందికి లాగితే ట్యాగులన్నీ ఒక్కసారిగా విచ్చుకుని సీసాను వదిలేస్తాయి. మీటరున్న కాలి పంపుతో గాలి కొట్టాం కనుక ప్రతిసారీ 45 పౌండ్లే అని నిశ్చింతగా చెప్పగలిగాం.

ఎత్తు కొలవడానికి కోణమాని మధ్యలో దారం కట్టి, దారం చివర బోల్టు వేలాడదీశాం. గద్దెకు 30 మీటర్ల దూరంలో నిలబడి, రాకెట్ అత్యున్నత స్థానంలో ఉన్నప్పుడు కోణమాని అంచు మీదుగా దాన్ని చూస్తూ దారాన్ని బొటనవేలితో నొక్కిపడితే కోణం తెలుస్తుంది. 45 డిగ్రీలైతే ఎత్తు 30 మీటర్లు, 50 డిగ్రీలైతే సుమారు 36 మీటర్లు, దానికి చూసేవారి కంటి ఎత్తు కలుపుకోవాలి. త్రికోణమితి ఎందుకు చదవాలని అడిగే మా మేనల్లుడు టాన్జెంట్ పట్టిక కోసం తనంతట తానే ఫోను తీశాడు. ఆ విషయం మీద నేను వ్యాఖ్యానించలేదు.

నీరు పోయకముందు ఎవరి అంచనా వారు రాసి పెట్టాలని నియమం పెట్టాను. ఎంత నీరు పోస్తే అంత బలంగా తోస్తుంది కనుక సీసా నిండా పోయాలని మేనల్లుడు రాశాడు. నీరు బరువు కనుక అసలు పోయకపోతేనే ఎక్కువ ఎత్తుకు వెళ్తుందని అమ్మాయి రాసింది. రెండూ తెలివైన అంచనాలే, ఎందుకంటే ఒక్కొక్కటి ఒక్కో నిజాన్ని పట్టుకుంది. తరువాత సీసాను ఖాళీగా, పావు వంతు, మూడో వంతు, సగం, ముప్పావు వంతు నీటితో పలుమార్లు వదిలాం. ఖాళీ సీసా టప్పుమని లేచి రెండంతస్తుల ఎత్తు దాటి ఆగిపోయింది. ముప్పావు వంతు నింపినది బద్ధకంగా నాలుగైదు మీటర్లు లేచి, లోపల మిగిలిన నీటిని మైదానమంతా చల్లుకుంటూ పక్కకు ఒరిగింది. పావు వంతుకూ మూడో వంతుకూ మధ్య పెద్ద తేడా కనిపించలేదు. రెండూ 35 మీటర్ల చుట్టుపక్కల తిరిగాయి. సగానికి పోసినది వాటికన్నా తక్కువకే దిగింది.

ఖాళీ సీసా ఎందుకు ఓడిందో ముందు చూద్దాం. రెండు లీటర్ల సీసాలో నాలుగు వాతావరణాల మొత్తం పీడనం దగ్గర ఉన్న గాలి బరువు పది గ్రాములకు మించదు. అది మూతి నుంచి చాలా వేగంగా, ధ్వని వేగానికి చేరువగా బయటపడుతుంది, కాని అంత తక్కువ ద్రవ్యరాశిని ఎంత వేగంతో గుణించినా వచ్చే ద్రవ్యవేగం స్వల్పమే. మూడో వంతు నీరంటే సుమారు 650 గ్రాములు. దాని వేగం గాలి వేగంలో పదో వంతుకూడా లేకపోయినా ద్రవ్యరాశి అరవై రెట్లకు పైగా ఉండటం వల్ల సీసాకు దక్కే ద్రవ్యవేగం ఎన్నో రెట్లు పెరుగుతుంది. గాలి ఇక్కడ శక్తిని దాచుకునే స్ప్రింగు, నీరు వెనక్కి విసరడానికి కావలసిన సరుకు. రెండింటిలో ఏది కొరవడినా పని జరగదు.

నీటి వేగాన్ని లెక్కకట్టడం సులభం. బెర్నూలీ సూత్రం ప్రకారం, అదనపు పీడనాన్ని రెండుతో గుణించి నీటి సాంద్రతతో భాగించి వర్గమూలం తీస్తే వేగం వస్తుంది. మూడు వాతావరణాలకు అది సెకనుకు సుమారు 24.5 మీటర్లు, అంటే గంటకు 88 కిలోమీటర్లు. ఇక తోపుడు బలమంటే సెకనుకు బయటికి పోయే ద్రవ్యరాశిని ఆ వేగంతో గుణించగా వచ్చేది. ఈ గుణకారంలో సాంద్రత ఒకసారి పైన, ఒకసారి కింద వచ్చి ఎగిరిపోతుంది. మిగిలేది పీడనం, మూతి వైశాల్యం, రెండు అనే అంకె, అంతే. మూతి వైశాల్యం 3.8 చదరపు సెంటీమీటర్లు కనుక బలం దాదాపు 230 న్యూటన్లు, మామూలు మాటల్లో 23 కిలోల బరువుకు సమానం. గద్దె మీద సీసా, రెక్కలు, నీరు అన్నీ కలిపి 770 గ్రాములు. తన బరువుకు ముప్పై రెట్ల బలం తోస్తుంటే అది గద్దెను వదిలే క్షణం కంటికి కనిపించకపోవడంలో వింతేముంది?

నిజంగానే కనిపించదు. సెకనుకు 30 చిత్రాలు తీసే మామూలు వీడియోలో నీరు బయటపడే ఘట్టం రెండు మూడు చిత్రాలకే సరిపోతుంది, ఎందుకంటే ఆ నీరంతా సెకనులో పదో వంతుకన్నా తక్కువ వ్యవధిలో ఖాళీ అవుతుంది. ఫోనులో సెకనుకు 240 చిత్రాల స్లో మోషన్ పెడితే ఆ ఘట్టం ఇరవై చిత్రాలుగా విడిపోయింది. గాజుకడ్డీలా నున్నగా మొదలైన ధార క్రమంగా చిట్లి తెల్లబడుతుంది, ఆఖరి నీరు పోగానే మూతి నుంచి పొగలాంటి తెల్లని ఆవిరి గుప్పున వస్తుంది. కింద పడిన సీసాను వెంటనే తెచ్చి చూస్తే దాని లోపల కూడా పలుచని పొగమంచు పొర తేలుతూ ఉంటుంది. లోపలి గాలి నీటిని నెడుతూ వ్యాకోచించింది, అంత తక్కువ సమయంలో బయటి నుంచి వేడి అందలేదు కనుక తన ఉష్ణం నుంచే ఆ పనికి శక్తిని ఖర్చు పెట్టింది, చల్లబడింది, అందులోని నీటి ఆవిరి మేఘమైంది. పంపు అడుగు వేడెక్కడం, సీసా లోపల మేఘం పుట్టడం ఒకే నియమానికి రెండు కొసలు. ఇంటర్మీడియట్‌లో స్థిరోష్ణక ప్రక్రియ అనే పేరుతో పదే పదే వల్లె వేసిన విషయాన్ని ఆ తెల్లని పొగలో చూడటం నాకే కొత్తగా అనిపించింది.

ముప్పావు వంతు నింపిన సీసా ఓటమికి కారణం కూడా ఇక్కడే ఉంది. అందులో గాలికి దక్కే చోటు అర లీటరే. నాలుగు వాతావరణాల దగ్గర అర లీటరున్న గాలి రెండు లీటర్లకు వ్యాకోచిస్తే, బాయిల్ నియమం ప్రకారం దాని పీడనం సరిగ్గా ఒక వాతావరణానికి పడిపోతుంది, అంటే చివరి చుక్కను నెట్టే సమయానికి తోపు శూన్యం. వ్యాకోచంలో గాలి చల్లబడుతుంది కనుక వాస్తవంలో పీడనం ఇంకా ముందే అడుగంటుతుంది. లెక్క వేస్తే 1.35 లీటర్ల దగ్గరే ఆట కట్టు. అప్పటికి ఆరు వందల మిల్లీలీటర్లకు పైగా నీరు సీసాలోనే ఉండిపోయి, తోపులేని బరువుగా మారుతుంది. మైదానంలో చల్లుకుంటూ పోయిన నీరు అదే. మేనల్లుడు తన అంచనా కాగితాన్ని ఇంకోసారి చదివి, "సరుకు నిండుగా ఉంది గానీ స్ప్రింగు చాల్లేదన్నమాట, మామయ్యా" అన్నాడు.

నీరు నేలను తన్నడం వల్ల రాకెట్ లేస్తుందన్న నమ్మకం మాత్రం అంత సులభంగా పోలేదు. పిల్లలను తప్పు పట్టలేం. అమెరికాలో రాబర్ట్ గాడార్డ్ అనే శాస్త్రవేత్త, రాకెట్ చంద్రుడి దాకా వెళ్లగలదని రాసినప్పుడు, శూన్యంలో తన్నడానికి ఏమీ ఉండదు కదా అని న్యూయార్క్ టైమ్స్ పత్రిక 1920 జనవరిలో సంపాదకీయంలో ఎద్దేవా చేసింది. అపోలో 11 బయలుదేరిన మరునాడు, 1969 జులై 17న, ఆ మాటను సవరించుకుంది. మేము ఈ సందేహాన్ని వరండాలో తీర్చుకున్నాం. కిటికీ ఊచ నుంచి ఎదుటి గోడ మేకు దాకా దారం కట్టి, దానికి స్ట్రా ఎక్కించి, స్ట్రాకు బుడగను అతికించి వదిలితే బుడగ దారం వెంట అడ్డంగా దూసుకుపోయింది. దాని వెనుక నేల లేదు, గోడ చాలా దూరంలో ఉంది. చుట్టూ ఉన్న గాలిని తన్నుతోందేమోనని అమ్మాయి ఇంకో అనుమానం లేవదీసింది. దాన్ని వరండాలో తేల్చడం సాధ్యం కాదు కనుక చంద్రుడి మీది నుంచి తిరిగి వచ్చిన రాకెట్లను సాక్ష్యానికి పిలవవలసి వచ్చింది.

సీసా నిటారుగా వెళ్లడం మరో పాఠం. దీపావళికి తారాజువ్వ కాల్చిన ప్రతి ఒక్కరికీ పుల్ల విరిగిన జువ్వ ఏ ఇంట్లోకి దూరుతుందో చెప్పలేమని తెలుసు. ఆ పుల్ల చేసే పనిని ఇక్కడ రెక్కలు చేస్తాయి. సీసా కాస్త పక్కకు ఒరిగినప్పుడు దాని మీద గాలి బలమంతా ఒక బిందువు దగ్గర పనిచేస్తున్నట్టు భావించవచ్చు. ఆ బిందువు గరిమనాభికన్నా, అంటే సీసా బరువంతా ఉన్నట్టు భావించే బిందువుకన్నా, వెనుక ఉంటే గాలే దాన్ని సరిచేస్తుంది, ముందు ఉంటే పల్టీ కొట్టిస్తుంది. అందుకే వెనుక అట్టముక్కలతో మూడు రెక్కలు, ముక్కులో కాస్త బంకమన్ను. సరిపోయిందో లేదో తెలుసుకోవడానికి, ఖాళీ సీసాను గరిమనాభి దగ్గర దారంతో కట్టి తల చుట్టూ గుండ్రంగా తిప్పి చూస్తే చాలు. ముక్కు ముందుండి తిరిగితే అది నిటారుగా ఎగురుతుంది. ముక్కులో బరువు పెడితే ఎత్తు తగ్గుతుందని పిల్లలు వాదించారు, కాని అది కొంతవరకే నిజం. మరీ తేలికైన సీసాను గాలి ఇట్టే ఆపేస్తుంది.

గాలి ఎంతగా ఆపుతుందో లెక్క వేసినప్పుడు నేను కూడా తేడాను తక్కువగా ఊహించానని తెలిసింది. రష్యాలోని కలూగా పట్టణంలో పాఠశాల ఉపాధ్యాయుడిగా పనిచేసిన త్సియోల్కోవ్‌స్కీ 1903లో ప్రచురించిన సూత్రం ప్రకారం, ధార వేగాన్ని మొదటి బరువుకూ చివరి బరువుకూ ఉన్న నిష్పత్తి సహజ సంవర్గమానంతో (కాలిక్యులేటర్‌లో ln మీట) గుణిస్తే రాకెట్‌కు వచ్చే వేగం తెలుస్తుంది. పీడనం తగ్గుతూ పోతుంది కనుక ధార సగటు వేగాన్ని సెకనుకు 20 మీటర్లుగా తీసుకుందాం. మొదటి బరువు 770 గ్రాములు, చివరి బరువు 120 గ్రాములు. రాకెట్ వేగం సెకనుకు సుమారు 37 మీటర్లు. గాలి లేని లోకంలో ఈ వేగానికి 70 మీటర్ల ఎత్తు రావాలి, మాకు వచ్చింది అందులో సగం. ఆ వేగం దగ్గర 11 సెంటీమీటర్ల వ్యాసమున్న సీసా మీద గాలి నిరోధం ఖాళీ సీసా బరువుకు రెట్టింపుకు పైగా ఉంటుంది. పాఠ్యపుస్తకంలో గాలి నిరోధాన్ని విస్మరించుము అని రాసే ఒక్క వాక్యం మా మైదానంలో 35 మీటర్ల ఖరీదు చేసింది. 2015లో కేప్‌టౌన్ విశ్వవిద్యాలయం జట్టు నీటి రాకెట్‌ను 830 మీటర్ల ఎత్తుకు పంపగలిగిందంటే, సన్నని కార్బన్ ఫైబర్ గొట్టంలో మామూలు సీసా కలలోనైనా తట్టుకోలేని పీడనం నింపడం వల్లే.

శ్రీహరికోట నుంచి లేచే పీఎస్ఎల్‌వీకి వర్తించేది కూడా త్సియోల్కోవ్‌స్కీ సూత్రమే. సుమారు 320 టన్నుల బరువుతో బయలుదేరే ఆ వాహనం ధ్రువ కక్ష్యకు చేర్చేది 1750 కిలోల ఉపగ్రహాన్ని మాత్రమే, తక్కినదంతా దారిలో ఖర్చయ్యే ఇంధనం, మధ్యలో వదిలేసే గొట్టాలు. మా సీసాలో 84 శాతం నీరేనని విని నవ్విన పిల్లలు ఈ లెక్క విన్నాక నవ్వలేదు. సైన్స్ ఫెయిర్లలో థర్మాకోల్‌తో చేసి రంగులు వేసిన పీఎస్ఎల్‌వీ నమూనాలు ఏటా కనిపిస్తాయి, వాటికి బహుమతులు కూడా వస్తాయి. ఏ భాగం ఎంత బరువో అడిగితే చెప్పగలిగే విద్యార్థులు అరుదు. బరువు తెలియని రాకెట్ బొమ్మ అలంకారమే అవుతుందని నేను అనుకుంటాను.

తిరుగు ప్రయాణానికి ముందు అమ్మాయి, "బాబాయ్, ఉప్పునీరు పోస్తే ఇంకా పైకి వెళ్తుందా?" అని అడిగింది. లీటరు నీటిలో 350 గ్రాముల దాకా ఉప్పు కరిగిస్తే సాంద్రత మంచినీటికన్నా ఇరవై శాతం పెరుగుతుంది. తోపుడు బలంలో సాంద్రత ఎగిరిపోయింది కనుక బలం మారదు. ధార వేగం మాత్రం తగ్గుతుంది, మంచినీటికి 20 అనుకున్న చోట ఉప్పునీటికి 18.3 వస్తుంది. మరోవైపు అదే చోటులో 650 గ్రాములకు బదులు 780 గ్రాముల సరుకు పడుతుంది. ముగ్గురం కూర్చుని ఫోను కాలిక్యులేటర్‌లో సంవర్గమానం నొక్కితే మంచినీటికి సెకనుకు 37.2 మీటర్లు, ఉప్పునీటికి 36.8 మీటర్లు వచ్చాయి. మా దారం, బోల్టు, కోణమాని ఇంత చిన్న తేడాను పట్టుకోలేవు. మేనల్లుడు అయితే ఉప్పు దండగ అని తేల్చేశాడు. అమ్మాయి ఒప్పుకోలేదు, లెక్కలో గాలి నిరోధం లేదు కదా, బయలుదేరేటప్పుడు బరువైన రాకెట్ నెమ్మదిగా వేగం అందుకుంటుంది కదా అంటూ వాదన మొదలుపెట్టింది. వేసవి సెలవులలో రెండు కిలోల రాళ్ల ఉప్పు కొని తేల్చుకోవాలని ఒప్పందం కుదిరింది. వాల్వు తుప్పు పట్టకుండా ప్రతిసారీ మంచినీళ్లతో కడిగే బాధ్యత మేనల్లుడిది.